అత్త కత్తిరించిన అమ్మ చీరలు

మొన్న ఆదివారం మధ్యాహ్నం మా చిన్న బిడ్డ ఒక దిండు తెచ్చి నా ఒళ్లో పెట్టింది. నా పాత పట్టుచీర ఒకటి కోసి, ఫోన్‌లో చూసుకుంటూ నాలుగు రోజులు కూర్చుని దానికి గలీబు కుట్టిందట. చుట్టూ అద్దాలు, నడుమ పూసలతో ఒక నెమలి, నాలుగు మూలలకు నాలుగు కుచ్చులు. చాలా బాగుందన్నాను. నిజంగానే బాగుంది. అన్నం తిన్నాక అలవాటు కొద్దీ దాని మీదే తల పెట్టి ఒరిగాను. లేచేసరికి కుడి చెంప మీద మూడు అద్దాలు, చెవి కింద నెమలి తోక అచ్చుపడి ఉన్నాయి. మావారు కళ్లద్దాలు సవరించుకుని మరీ చూసి, జగిత్యాలలో ఇన్నాళ్లకు ఒక నెమలి వాలిందన్నారు. నేనూ నవ్వుతూనే అద్దం దగ్గరికి పోయాను. చెంప తడుముకుంటుంటే నవ్వు మధ్యలోనే ఆగిపోయింది. ఒంటి మీద కుట్లు అచ్చుపడడం నేను అంతకు ముందొకసారి చూశాను. ఆ ఒళ్లు మా బాపుది. ఆ కుట్లు నావి.

అప్పటికి అమ్మ పోయి మూడేళ్లు దాటింది. బాపు కోరుట్ల ఇంట్లో ఒక్కడే ఉండేవాడు. ముత్యంపేట చక్కెర ఫ్యాక్టరీలో పనిచేసి దిగిపోయిన మనిషి. దిగిపోయి ఎన్నేళ్లయినా ఆయన చొక్కాల్లో బెల్లం పాకం వాసన పోలేదని అమ్మ ఎగతాళి చేసేది. ఒక వానాకాలం పొద్దున పెరట్లో మొహం కడుక్కుంటూ ఉన్నట్టుండి కుడి పక్కకు ఒరిగిపోయాడు. కరీంనగర్ ఆసుపత్రిలో ఇరవై రోజులుంచుకుని, ఇక ఇంటి దగ్గర చూసుకోండని పంపారు. కుడి చెయ్యి, కుడి కాలు పడిపోయాయి. మాట నోట్లో ముద్ద పెట్టుకున్నట్టు వచ్చేది. వాళ్లకు నేనొక్కదాన్నే. జగిత్యాల బడిలో సెలవు పెట్టి, పిల్లలను మావారికి అప్పగించి, కోరుట్లకు వచ్చేశాను. డాక్టరు చెప్పినట్టు గాలి పరుపు తెప్పించి మంచం మీద పరిచాను. రెండు గంటలకొకసారి పక్కకు తిప్పమన్నారు, తిప్పేదాన్ని. ఒక్కదాన్ని గనక భుజం కింద చెయ్యి పెట్టి లాగి తిప్పేదాన్ని. అలా లాగడమే తప్పని నాకు అప్పుడు తెలియదు.

మంచం పట్టిన మనిషి ఉన్న ఇంటికి చూడవచ్చేవాళ్లు ఎక్కువ. పాత ఫ్యాక్టరీవాళ్లు, వాడకట్టువాళ్లు, అమ్మవైపు చుట్టాలు. ఒక్క బిడ్డ ఉండి కూడా ఇల్లు ఎట్లా పెట్టిందో చూడమని ఎవరైనా అంటారేమోనని నాకు లోపల భయం. పెళ్లికి ముందే నాకు కుట్టు వచ్చు. అమ్మ మిషను ఇంట్లోనే ఉంది. కొట్టుకు పోయి కొత్త గుడ్డముక్కలు తెచ్చాను. ముదురు నీలం, మెరూను, ఆకుపచ్చ. మరకలు పడినా పైకి కనిపించవని ఏరి ఏరి ముదురు రంగులే తెచ్చాను. అరచెయ్యంత గళ్లు కోసి, గడికీ గడికీ మధ్య సన్నగా ఉబ్బి ఉండే పైపింగు వేసి, లోపల పలచటి అస్తరు పెట్టి, మూడు రోజుల్లో మంచానికి సరిపోయే దుప్పటి కుట్టాను. అది పరచగానే గదికి కళ వచ్చింది. వచ్చినవాళ్లు ముందు బాపును చూసి అయ్యో అనేవారు, తర్వాత దుప్పటి చూసి అబ్బ అనేవారు. ఆ రెండో మాట వినడానికి నాకు ఎంత హాయిగా ఉండేదో ఇప్పుడు చెప్పుకోవడానికి సిగ్గుగా ఉంది.

వారం తిరగక ముందే సిరిసిల్ల నుంచి మా మేనత్త వచ్చింది. వేములవాడ మీదుగా రెండు బస్సులు మారి, చంకలో ఒక సంచి, చేతిలో ఒక గొడుగుతో దిగింది. ఆమె బాపుకంటే ఏడేళ్లు పెద్దది. మామ మరమగ్గాల మీద పనిచేసి పోయాడు. అత్త జీవితమంతా కండెలు చుట్టింది, అంటే మగ్గం నాడెలోకి ఎక్కించే దారాన్ని చిన్న చిన్న గొట్టాలకు చుట్టే పని. గుడ్డ అంచును రెండు వేళ్ల మధ్య రుద్ది, పడుగు ఏ పోగు, పేక ఏ పోగు, ఎన్ని ఉతుకులు ఆగుతుందో చెప్పేది. మగ్గాల చప్పుడు చెవుల్లో ఎంతగా నిలిచిపోయిందంటే, నిశ్శబ్దంగా ఉన్న ఇంట్లో తనకు నిద్ర పట్టదనేది. ఆమె ఇంట్లో ఏ బట్టా ఊరికే చచ్చిపోయేది కాదు. చీర లంగా అయ్యేది, లంగా దిండు అయ్యేది, దిండు గలీబు పొయ్యి దగ్గరి మసిగుడ్డ అయ్యేది. వాటిలో ఒక్కటి కూడా చూడముచ్చటగా ఉండేది కాదు. పైజామా ముక్కకు దుప్పటి ముక్క, దానికి లుంగీ ముక్క. ఏదైనా చేతికి తీసుకుంటే ఆమె అడిగే ప్రశ్న ఒక్కటే. దీని పనేంది?

ఆ ప్రశ్నకు నేను చిన్నప్పుడే బలయ్యాను. నేను నాలుగో తరగతిలో ఉండగా అత్త నాకు బడిసంచి కుట్టి పంపింది. విరిగిపోయిన గొడుగుల గుడ్డ విప్పి, రెండు పొరలు వేసి కుట్టిన నల్లటి సంచి. లోపల అస్తరు మామ పాత ధోవతి. మిగతా పిల్లల సంచుల మీద పూలున్నాయి, కుందేళ్లున్నాయి. నా సంచి మీద గొడుగు కంపెనీ తెల్లక్షరాలు, అవీ తలకిందులుగా. బడిలో నన్ను గొడుగుపిల్ల అన్నారు. ఇంటికి వచ్చి ఏడ్చి దాన్ని వడ్లగుమ్మి వెనక పడేశాను. అమ్మ ఏమీ అనకుండా మళ్లీ తెచ్చి భుజానికి తగిలించింది. వాన ముదిరాక ఒకరోజు అందరం తడిసి ముద్దయి బడికి చేరాం. పంతులు పుస్తకాలు తీయమంటే తరగతిలో పొడి పుస్తకాలు నావొక్కదానివే. ఆ రోజు నా బల్ల చుట్టూ మూగిన పిల్లలు ఇప్పటికీ కళ్ల ముందు కదులుతారు. అయినా నేనేమీ నేర్చుకోలేదని బాపు మంచం దగ్గర తేలింది.

అత్త కాళ్లు కడుక్కుని నేరుగా మంచం దగ్గరికి వచ్చి, తమ్ముడి నుదుటి మీద చెయ్యి వేసింది. బాపు ఎడమ కంట్లోంచి నీళ్లు చెవిలోకి జారాయి. తర్వాత ఆయనను పక్కకు తిప్పమంది. ఇద్దరం కలిసి తిప్పాం. ఆమె చొక్కా పైకెత్తింది. వీపు నిండా గళ్లు. నేను కోసిన కొలతకు కోసినట్టు, పైపింగు గీతలు ఎర్రగా అడ్డంగా నిలువుగా అచ్చుపడి ఉన్నాయి. నడుము కింద ఎముక దగ్గర, రెండు గీతలు కలిసిన చోట, చర్మం చిట్లి రూపాయి బిళ్లంత పుండు. ముదురు మెరూను గడి మీద అక్కడ తడి ఉంది. వేలితో తాకి చూస్తే తప్ప అది నెత్తురని తెలియలేదు. ఎన్ని రోజులుగా కారుతోందో నాకు తెలియదు. రోజూ ఆ గది ఊడ్చి, ఆ దుప్పటి అంచులు సర్ది, ముడత లేకుండా లాగింది నేనే.

ఎవరు కుట్టారని అడిగింది. నేనేనన్నాను. ఆమె గళ్ల మీద చెయ్యి ఆనించి మెల్లగా అటూ ఇటూ జరిపింది.

"పని మంచిగ చేసినవ్ బిడ్డా. మరి ఇది సూసెటోళ్ల కోసం కుట్టినవా, పండుకునేటోని కోసం కుట్టినవా?"

కోపంగా అనలేదు. దారి తెలియక అడిగినట్టే అడిగింది. నేను వంటింట్లోకి పోయి పొయ్యి దగ్గర నిలబడ్డాను. పొయ్యి మీద ఏమీ లేదు.

డాక్టరును పిలిపించాం. పుండు కడిగి మందు పెట్టి, ఇది ముదిరితే మనిషిని తీసుకుపోతుందని నన్ను బయటికి పిలిచి చెప్పాడు. ఒత్తిడి పడకూడదు, తడి ఉండకూడదు, ఒళ్లు రాచుకోకూడదు అన్నాడు. గాలి పరుపు ప్లాస్టిక్ వీపుకు చెమట పట్టిస్తోంది. పైన పరచడానికి చెమట పీల్చేది, మెత్తగా ఉండేది, పొద్దున ఉతికితే మధ్యాహ్నానికి ఆరేది కావాలి. అత్త ఇల్లంతా తిరిగింది. కొత్త దుప్పట్లు గరుకన్నది. బాపు లుంగీలు నైలాను కలిసినవన్నది. చివరికి వెనక గదిలో మంచం కింద ఉన్న రేకు పెట్టె ముందుకు లాగి, అందులో ఏమున్నాయని అడిగింది.

అందులో అమ్మ నూలు చీరలున్నాయి. పదకొండు. అమ్మ పోయిన నెల రోజులకు నేనే మడతలు పెట్టి, వేపాకు వేసి మూత పెట్టాను. అప్పుడప్పుడు వచ్చి తెరిచి, మొహం ఆనించి, మళ్లీ మూసేదాన్ని. వాటి అంచులన్నీ కోసి, పక్కపక్కన పేర్చి కుట్టి, జగిత్యాలలో మా హాలు గోడకు తగిలించాలని ఒక ఆలోచన. ఆవాలరంగు అంచు పక్కన ఏది, జామకాయరంగు అంచు పక్కన ఏది అని కాగితం మీద బొమ్మ కూడా గీసుకున్నాను. వాటిని ముట్టుకోవద్దని అత్తతో చెప్పాను. ఆమె సరేనని మూత వేసింది. కానీ మాట అంతటితో ఆగలేదు. రెండోసారి ఆమె ఆ పెట్టె వైపు చూసినప్పుడు నేను లేచిపోయి కత్తెర తీసి బియ్యం డబ్బాలో దాచాను. నలభై దాటిన పంతులమ్మను, బియ్యంలో మోచేతి దాకా చెయ్యి పెట్టి కత్తెర పాతిపెట్టాను.

అత్త వెతకనే లేదు. తిన్నగా రోడ్డు దాటి ఎదురింటికి పోయింది. ఎదురింట్లో ఉండే ఆమెను మేమంతా ఖాలా, అంటే పిన్ని, అని పిలిచేవాళ్లం. ఒళ్లో చాట పెట్టుకుని బీడీలు చుట్టేది. ఆమె గడపలోకి పోతే తునికాకు వాసన, లోపలి నుంచి ఉర్దూ వార్తలు, ఎప్పుడూ ఏదో ఉడుకుతున్న పొగ. అత్త ఆమె దగ్గర ఆకు కత్తిరించే కత్తెర అడిగి తెచ్చుకుని, పెట్టె పక్కన కూర్చుని, కత్తెరను నేల మీద పెట్టి, చేతులు ఒళ్లో పెట్టుకుంది. నేను సరే అంటేనే కోస్తానంది. అప్పుడు నేననకూడని మాట అన్నాను. నీ తమ్ముడి కోసమైతే నువ్వు ఏదైనా కోస్తావు, మా అమ్మ నీకేమవుతుందని అన్నాను.

అత్త పెట్టె మూత మీద చెయ్యి వేసింది. వీధిలో ఎవరో పాల క్యాను దించిన చప్పుడు.

"గీ పదకొండు నేనే మోసుకచ్చిన," అంది. "ఏడాదికొకటి మీ అమ్మకు కట్టుకోను తెచ్చిన. కట్టుకున్నది, ఉతికింది, గింత మెత్తగ చేసింది. గిసొంటిది నేను మగ్గం మీద నేయించలేను బిడ్డా. దీనికి ముప్పై ఏండ్లు కావాలె."

నేను లేచి బాపు గదిలోకి పోయాను. మధ్యాహ్నం కట్టు మార్చే వేళ. ఆయనను పక్కకు తిప్పి పట్టుకుని పాత దూది తీస్తుంటే, నొప్పికి ఎడమ చేత్తో మంచం పట్టెను పట్టుకున్నాడు. ఆ వేళ్లు తెల్లబడ్డాయి. నోట్లోంచి శబ్దం రానివ్వలేదు. నేను వింటానని. కట్టు కట్టి, చేతులు కడుక్కుని, వెనక గదికి వచ్చి పెట్టె మూత నేనే తీశాను. పైనున్న చీర తీసి అత్త ఒళ్లో పెట్టాను. వేపాకులు ఎండి పొడి అయి నేల మీద రాలాయి.

ఆ తర్వాతి రోజులు నాకు వరుసగా గుర్తు లేవు. నీళ్లలోంచి చూసినట్టు గుర్తున్నాయి. కార్తీకపు ఎండ పెంకుల సందుల్లోంచి గదిలోకి సన్నని కడ్డీలుగా దిగేది. ఆ కడ్డీల్లో నూలు పొడి తేలుతుండేది. ఖాలా చాట పక్కన పెట్టి వచ్చి మాతో కూర్చునేది. ముగ్గురం నేల మీద చీరలు పరిచి చుట్టూ కూర్చుంటే, ఎండిన చెరువు గట్టున కూర్చున్నట్టుండేది. నేను గీసుకున్న బొమ్మకు అత్త చేస్తున్నది పూర్తిగా తలకిందులు. అంచులు మందంగా ఉంటాయి, ఒత్తుతాయి కాబట్టి ముందు అవి పోయాయి. కొంగుల్లో జరీ పోగులుంటాయి, గీరుతాయి, అవీ పోయాయి. మిగిలిన నడుమ భాగం, అమ్మ నడుముకు చుట్టుకుని, కూర్చుని, లేచి, రాతి మీద ఉతికి ఉతికి వెలిసిపోయిన భాగం, అదే కావాలంది. దాన్ని నాలుగు పొరలు వేసింది. మంచమంత పెద్దది వద్దు, ఉతకలేం, ఆరదు అని నడుము కిందికి సరిపోయేంతే కుట్టింది. రెండు చివర్లు ఒక్క పొరే ఉంచి పొడుగ్గా వదిలింది, పరుపు కిందికి దోపితే ముడత పడకుండా. ఒళ్లు ఆనే చోట ఒక్క కుట్టు లేదు. ముడులన్నీ కింది వైపు, అంచుల్లో.

పైకి ఏ చీర రావాలన్న దగ్గర నేను మళ్లీ నోరు విప్పాను. కనీసం ఆ కుంకుమరంగుది పైకి పెడదామన్నాను. అమ్మకు ఇష్టమైనది, మరక కూడా కనిపించదన్నాను. అత్త దాన్ని లోపలి పొరలో పెట్టి, తెల్లగా వెలిసిపోయిన పాలరంగుదాన్ని పైన పరిచింది.

"తడైనా నెత్తురైనా ఎంబడే కనవడాలె. మరకను దాస్తె మనిషిని దాసినట్టే."

ఖాలా తల ఊపింది. తన అత్తగారు మంచం పట్టినప్పుడు ఎవరూ ఈ ముక్క చెప్పలేదని, చెప్పి ఉంటే బాగుండేదని మెల్లగా అంది. సూది ఆగి మళ్లీ నడిచింది.

కోసి పక్కన పెట్టిన అంచులను నేను చుట్టచుట్టి తీసి దాచుకుందామనుకున్నాను. అత్త వాటిని కూడా వదల్లేదు. చీరలో అన్నిటికంటే గట్టిది అంచే కదా, దానికి తగ్గ పని ఇవ్వాలంది. మూడు మూడు అంచులు కలిపి జడలా అల్లి, ఒక వెడల్పాటి గుడ్డకు రెండు వైపులా మూడేసి పట్టీలుగా కుట్టింది. దాన్ని బాపు కింద, భుజాల నుంచి తొడల దాకా పరిచింది. అటు నేను, ఇటు ఆమె పట్టీలు పట్టుకుని ఒక్కసారి ఎత్తితే బాపు పరుపు మీద రాచుకోకుండా గాలిలో తేలినట్టు పక్కకు తిరిగాడు. నెల రోజులుగా తిప్పిన ప్రతిసారీ మూలిగే మనిషి ఆ రోజు మూలగలేదు. ఆశ్చర్యంగా నా వైపు చూశాడు. నా పిడికిళ్లలో ఆవాలరంగు అంచు, జామకాయరంగు అంచు, నల్లచుక్కల అంచు. నేను గోడకు తగిలించి దూరం నుంచి చూద్దామనుకున్నవి. వాటిని పట్టుకుని రోజుకు పన్నెండుసార్లు బాపును తిప్పాను. అరచేతుల్లో కాయలు కాశాయి. అత్త రెండు నెలలుండి పోయాక అటు వైపు పట్టీలు ఖాలా వచ్చి పట్టేది. జగిత్యాల నుంచి వచ్చిన రోజుల్లో మావారు పట్టేవారు.

ఒక మధ్యాహ్నం సంగతి చెప్పాలి. అత్త నాలుగో బొంత ముగిస్తోంది. నేను గడపకు ఆనుకుని కూర్చున్నాను. బాపు నిద్రపోతున్నాడు, ఎడమ చెయ్యి కింద పరిచిన గుడ్డను మెల్లగా తడుముతోంది. తడుముతూ తడుముతూ ఒకచోట ఆగింది. జబ్బు చేశాక ఆయన మాట నాకే సరిగ్గా అర్థమయ్యేది కాదు. ఆ వేళ మాత్రం తేటగా వచ్చింది.

"గింత అటు జరుగు," అన్నాడు.

కళ్లు మూసే ఉన్నాయి. ఆ గొంతు మాతో మాట్లాడే గొంతు కాదు. ఇరుకు మంచంలో నలభై ఏళ్లు పక్కన పడుకున్న మనిషితో మాట్లాడే గొంతు. అత్త సూదిని గుడ్డలో గుచ్చి ఆపి, తమ్ముడి వైపు వంగింది.

"జరిగింది తమ్మీ. పండుకో."

బాపు ఊపిరి నిండుగా ఒకటి వదిలి, మోకాలు కొద్దిగా సర్దుకుని, పసివాడిలా నిద్రలోకి జారిపోయాడు. అత్త మళ్లీ సూది తీసుకుంది గానీ దారం కనిపించలేదు. కళ్లు తుడుచుకుని నా చేతికిచ్చి ఎక్కించమంది. నాకూ కనిపించలేదు. కాసేపు ఆ సూది మా ఇద్దరి మధ్య నేల మీదే ఉంది.

చలికాలం చివరికి పుండు అంచుల నుంచి లోపలికి మూసుకుంటూ వచ్చింది. ఉగాది నాటికి అక్కడ లేత గులాబిరంగు చర్మం పడింది. డాక్టరు వచ్చి చూసి, ఆసుపత్రిలో కూడా ఇంత తొందరగా మానదని, ఏం వేశారని అడిగాడు. నేను బొంత చూపించాను. ఆయన దాన్ని అటూ ఇటూ తిప్పి, ఏమీ విశేషం కనిపించక తిరిగి ఇచ్చేశాడు. నిజమే, చూడడానికి అందులో ఏమీ లేదు. చూడవచ్చేవాళ్లలో కొందరు, ఒక్క బిడ్డవై ఉండి తండ్రికి ఈ పాతగుడ్డలు వేశావా అన్నారు కూడా. మొదట్లో నొచ్చుకున్నాను. తర్వాత్తర్వాత వాళ్లకు మంచినీళ్లు ఇచ్చి ఊరుకున్నాను.

బాపు ఇంకో వానాకాలం, ఇంకో చలికాలం చూసి, ఆ మీదటి ఎండాకాలంలో ఒక తెల్లవారుజామున పోయాడు. పోయే వేళకు వీపు మీద ఒక్క మచ్చ లేదు. స్నానం చేయించిన పెద్దమనుషులు అది ప్రత్యేకంగా చెప్పారు. నా జీవితంలో నాకు దొరికిన మెప్పుల్లో దాన్ని మించింది లేదు. బొంతలు అప్పటికే చాలావరకు అరిగిపోయాయి. రోజూ ఉడుకు నీళ్లలో ఉతికితే ఏ గుడ్డ ఎన్నాళ్లాగుతుంది. బాగున్నవి రెండు ఖాలా తన కూతురి కాన్పుకు అడిగి తీసుకుంది. ఆ పసిదాని కిందికి అంతకంటే మెత్తనివి దొరకలేదని చాలా రోజులు చెప్పింది. చిరిగినవి మసిగుడ్డలయ్యాయి. అంచుల పట్టీలు పెరట్లో చిక్కుడు పందిరికి కట్టాం. ఎండకు వెలిసి, వానకు నాని, ఒక్కొక్కటే ఎటు పోయాయో తెలియదు. రేకు పెట్టెలో ఇప్పుడు బియ్యం పోసుకుంటున్నాం. ఆ పదకొండు చీరల్లో ఈ రోజు చూపించడానికి నా దగ్గర ఒక్క పోగు లేదు.

అత్త ఇప్పుడు తంగళ్ళపల్లిలో కూతురి దగ్గర ఉంటోంది. చూపు మందగించింది. పోయిన నెల చూసి వద్దామని పోతే, నేనెవరో చెప్పకముందే నా కొంగు అంచు వేళ్ల మధ్య రుద్ది, ఇది కొత్తది, ఇంకా నీ ఒంటికి అలవాటు కాలేదంది. ఆనాడు చీరల పెట్టె దగ్గర నేనన్న మాటకు ఇన్నేళ్లకు క్షమించమని అడిగాను. ఏ మాట అంది. నిజంగా మరిచిపోయిందో, మరిచిపోయినట్టు నటించిందో తెలియదు. ఇద్దరం అరుగు మీద కూర్చున్నాం. దూరంగా మగ్గాల చప్పుడు, దాని మీదుగా సాయంత్రపు ఎండ. ఆమె నా కొంగును వదలకుండా అలాగే పట్టుకుని కునుకు తీసింది, నేను కదలకుండా కూర్చున్నాను. బట్ట చిరగడం మన కంటికి కనిపిస్తుంది, మెత్తబడడం కనిపించదు. కాలం మన మీద ఎక్కువగా చేసే పని ఆ రెండోదేనేమో.